కోరుట్ల కాగితం, సబ్బినాటి కథ

గోదావరి దక్షిణపు ఒడ్డు నుంచి మానేరు ఎగువ పరీవాహకం దాకా పరుచుకున్న జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల ప్రాంతం చరిత్రలోని ఏ రాజధాని నుంచి చూసినా పొలిమేరగానే కనిపిస్తుంది. మాన్యఖేటం నుంచి ఏలిన రాష్ట్రకూటులకు ఇది తూర్పు అంచు, ఓరుగల్లు కాకతీయులకు వాయవ్యపు హద్దు, హైదరాబాదు నిజాములకు గోదావరి దాటి గోండు అడవులు మొదలయ్యే లోపు మిగిలిన చివరి సాగునేల. కాజీపేట నుంచి బల్లార్షాకు పోయే రైలు మార్గం పూర్వపు కరీంనగర్ జిల్లా తూర్పు భాగాన పెద్దపల్లి మీదుగా 1929 నాటికే పూర్తయినా, జగిత్యాల, కోరుట్లల మీదుగా నిజామాబాదును కలిపే లైను పూర్తి కావడానికి 2017 దాకా పట్టిందంటే ఆ దూరం ఊహల్లోనే కాక నేల మీద కూడా ఎంత నిజమో తెలుస్తుంది. ఇలాంటి సీమలకు రాసిన చరిత్ర ఉండదనీ, ఉన్నదంతా నోటిమాటేననీ ఒక అభిప్రాయం స్థిరపడిపోయింది. ఈ సీమ విషయంలో ఆ అభిప్రాయం తలకిందులు. ఇక్కడ రాత ఎన్నడూ కొరవడలేదు. అయితే ఆ రాతలో ఎక్కువ భాగం పాళీ, సంస్కృతం, కన్నడం, పారసీకం, ఉర్దూ, ఇంగ్లీషుల్లో సాగడం వల్ల, భాషల వారీగా సాహిత్య చరిత్రలు రాసుకున్న కాలంలో ఈ నేల మీద పుట్టిన పుస్తకాలు ఇతరుల ఖాతాల్లో జమ అయ్యాయి.

బౌద్ధుల పాళీ గ్రంథమైన సుత్తనిపాతంలో బావరి అనే బ్రాహ్మణుడు కోసల దేశం విడిచి దక్షిణాపథానికి వచ్చి, గోదావరి తీరంలో అస్సక దేశపు సరిహద్దున ఆశ్రమం కట్టుకొని, తన పదహారు మంది శిష్యులను బుద్ధుని దగ్గరకు పంపిన కథ ఉంది. ఆ చోటు కోరుట్లకు ఉత్తరాన గోదావరి పాయల నడుమ ఉన్న బాదనకుర్తి అని కొందరు చరిత్రకారులు గుర్తించారు. మరికొందరు ఒప్పుకోలేదు. ఆ తగవు ఎలా తేలినా, ఉత్తరాదివాని దృష్టిలో ఇది లోకపు చివర ఉన్న ఏటిగడ్డ అన్న సంగతి మాత్రం ఆ కథ స్పష్టంగానే చెబుతుంది. అదే గోదావరి ఒడ్డున, పెద్దవాగు కలిసేచోట ఉన్న కోటిలింగాల ఇందుకు భిన్నమైన సాక్ష్యం ఇచ్చింది. శాతవాహన వంశ స్థాపకుడిగా పురాణాలు పేర్కొన్న సిముకుని నాణేలు, అంతకు ముందరి గోబద, నారన, సమగోప వంటి పాలకుల నాణేలు 1970ల నుంచి అక్కడ వెలుగుచూశాయి. స్థానికంగా వాటిని సేకరించిన ఠాకూర్ రాజారాం సింగ్, వాటిని చదివి ప్రకటించిన పరబ్రహ్మశాస్త్రి లేకుంటే ఆ పేర్లు మట్టిలోనే ఉండిపోయేవి. తవ్వకాలు జరిగిన ఆ చోటుకు ఇప్పుడు ఎల్లంపల్లి జలాశయపు నీరు చేరింది.

ఈ సీమలో పుస్తక రచన నిజంగా విరబూసింది 10వ శతాబ్దంలో. రాష్ట్రకూటులకు సామంతులైన ఒక చాళుక్య శాఖ మొదట బోధన్ నుంచీ, తరువాత నేటి రాజన్న సిరిసిల్ల జిల్లాలోని వేములవాడ నుంచీ పాలించింది. అప్పటి శాసనాల్లో ఆ ఊరు లేంబులవాడ, దాని చుట్టూ ఉన్న దేశం సబ్బినాడు. ఈ వంశపు రెండవ అరికేసరి ఆస్థానంలో ఉన్న పంపకవి 941 ప్రాంతంలో ఆదిపురాణాన్నీ, విక్రమార్జున విజయాన్నీ కన్నడంలో రచించాడు. వీటిలో రెండవది భారత కథే అయినా అందులోని అర్జునుడు తన ప్రభువు అరికేసరియే అన్నట్టు కవి నడిపించడం వల్ల, అది పురాణేతిహాసంతో పాటు ఒక చిన్న సామంత రాజ్యపు చరిత్ర పుస్తకం కూడా అయింది. ఆ వంశావళిని పునర్నిర్మించినవారు శాసనాల తరువాత ఆశ్రయించిన ఆధారాల్లో అది ముఖ్యమైనది. కావ్యానికి మెచ్చి అరికేసరి సబ్బినాడులోని ధర్మవురం అనే ఊరిని కవికి అగ్రహారంగా, అంటే పన్ను లేకుండా అనుభవించే గ్రామంగా, ఇచ్చాడు.

పంపని తమ్ముడు జినవల్లభుడు అన్న పేరును రాతి మీద నిలబెట్టాడు. కరీంనగర్ నుంచి జగిత్యాలకు పోయే దారిలో గంగాధర దగ్గర కురిక్యాల గ్రామపు బొమ్మలగుట్ట మీద అతడు చక్రేశ్వరిదేవి, జిన తీర్థంకరుల బొమ్మలు తొలిపించి, వాటి కింద సంస్కృత, కన్నడ, తెలుగు భాషల్లో ఒక శాసనం చెక్కించాడు. గుట్ట మీద త్రిభువనతిలకమనే బసదినీ, అంటే జైనాలయాన్నీ, కవితాగుణార్ణవమనే చెరువునూ, మదనవిలాసమనే తోటనూ ఏర్పాటు చేసినట్టు అందులో ఉంది. చెరువుకు పెట్టిన పేరు అన్నగారి బిరుదే. ఒక కవి బిరుదు ఊరి చెరువుకు పేరు కావడం అరుదైన గౌరవం. వారి పూర్వులు వేంగినాడులోని కమ్మనాటి వంగిపర్రు నుంచి వచ్చినవారనీ, తల్లి అబ్బణబ్బె కన్నడ దేశపు అణ్ణిగేరివారి ఆడపడుచు అనీ అదే శాసనం చెప్పడం వల్ల, తెలుగు కన్నడాల మధ్య నేడు గీసిన గీత ఆ ఇంట్లో లేదని తెలుస్తుంది. శాసనంలోని తెలుగు భాగం మూడు కంద పద్యాలు. 945 ప్రాంతానివిగా లెక్కించే ఈ కందాలు నన్నయ భారతానికి సుమారు నూరేళ్లు ముందరివి; తెలుగులో దొరికిన తొలి కంద పద్యాలుగా వీటిని పండితులు అంగీకరించారు.

వేములవాడ జైన విద్వాంసులలో సోమదేవసూరిది మరొక దారి. సంస్కృతంలో గద్యపద్యాలు కలిపి రాసిన యశస్తిలక చంపువును ఆయన 959లో గంగాధరలో ముగించాడు. యశోధరుడనే రాజు కథగా నడిచే ఆ గ్రంథంలో రాజనీతి, వైద్యం, భోజన విధులు, వివిధ మతాల వాదాలు, సైన్యపు వర్ణనలు ఎంతగా కిక్కిరిసి ఉన్నాయంటే, 1949లో కృష్ణకాంత హందిఖీ దాని మీద రాసిన ఇంగ్లీషు గ్రంథం 10వ శతాబ్దపు దక్కను జీవితానికి ఒక విజ్ఞాన సర్వస్వంలా పనికొచ్చింది. 966 నాటి పర్భణీ తామ్రశాసనం ప్రకారం మూడవ అరికేసరి, లేంబులవాడలో తన తండ్రి కట్టించిన శుభధామ జినాలయపు మరమ్మతులకూ పూజలకూ సోమదేవునికి ఒక గ్రామాన్ని దానం చేశాడు. ఈ వంశ చరిత్రను నేలటూరి వెంకటరమణయ్య 1953లో ఇంగ్లీషులో ఒక చిన్న గ్రంథంగా వెలువరించాడు. నేటికీ ఆ విషయంలో మొదట తెరవవలసిన పుస్తకం అదే.

ఇంత సంపద ఉన్నా 20వ శతాబ్దపు సాహిత్య చరిత్రకారులు వేములవాడ గుమ్మం దగ్గర ఎక్కువసేపు ఆగలేదు. పంపడు కన్నడ ఆదికవి కనుక ఆ అధ్యాయం మైసూరు, ధార్వాడల వారిది. కర్ణాటక ప్రభుత్వం 1987 నుంచి ఇస్తున్న అత్యున్నత సాహిత్య పురస్కారం పేరు కూడా పంప ప్రశస్తియే. సోమదేవుడు సంస్కృత పండితుల సొత్తు. తెలుగువారికి మిగిలినవి మూడు కందాలు, వాటి ప్రసక్తి కూడా చాలాకాలం అధోజ్ఞాపికల్లోనే జరిగింది. వేములవాడ భీమకవి విషయంలోనూ ఇదే జరిగింది. చాటుపద్యాల్లో తిట్టుకవిగా పేరుకెక్కిన ఆయన ఊరు ఈ వేములవాడయా, ద్రాక్షారామం దగ్గరి వేములవాడయా అన్నది తేలలేదు. ఆయన పేర చెల్లిన కవిజనాశ్రయమనే ఛందోగ్రంథం మల్లియ రేచనదని మరొక వాదం. ఊరి పేరు ఒకటే అయినప్పుడు పొలిమేరలోని ఊరికి వాటా తక్కువగా రావడం కాకతాళీయం కాదు.

చాళుక్యుల తరువాత సబ్బినాడు చిన్న ప్రభువుల చేతికి వచ్చింది. జగిత్యాల పక్కన ఉన్న పొలాస, నాటి పొలవాస, అలాంటి ఒక కుటుంబానికి రాజధాని. ఈ వంశీయుడిగా చరిత్రకారులు గుర్తించిన మేడరాజు 1117లో హనుమకొండ పద్మాక్షి గుట్ట మీది బసదికి భూమి ఇచ్చాడు; అప్పటికి కాకతీయులూ అతడూ ఇరుగుపొరుగు సామంతులే. అర్ధ శతాబ్దం తిరక్కముందే లెక్క మారింది. 1163 నాటి వేయిస్తంభాల గుడి శాసనంలో, అచింతేంద్రుడు రచించిన సంస్కృత శ్లోకాల్లో, కాకతి రుద్రదేవుడు డొమ్మరాజునూ మేడరాజునూ ఓడించిన వైనం ఘనంగా వర్ణితమైంది. పొలవాస ప్రభువుల గురించి లోకానికి తెలిసినదంతా దాదాపుగా గెలిచినవాడి ప్రశస్తిలో నుంచి వడకట్టుకున్నదే. ఓడినవారి పక్షం తెలియాలంటే పరబ్రహ్మశాస్త్రి సంపాదకత్వంలో 1974లో వెలువడిన కరీంనగర్ జిల్లా శాసన సంపుటంలోని చిన్నచిన్న దానశాసనాలను వరుసగా చదవవలసిందే. పొడిగా కనిపించే ఆ సంపుటమే ఈ సీమకు సంబంధించి అచ్చయిన పుస్తకాల్లో అన్నిటికన్నా నమ్మదగినది.

ఈ నేల మీది రచనలు దీని పేరు లేకుండా పోయే ధోరణికి ధర్మపురి శేషప్ప కవి నరసింహ శతకం మాత్రం మినహాయింపు. గోదావరి ఒడ్డున ఉన్న ధర్మపురి పేరు మకుటంలోనే, అంటే ప్రతి పద్యం చివర తిరిగివచ్చే సంబోధనలోనే, పొదిగి ఉండటం వల్ల ఆ సీసపద్యాలు ఎక్కడికి పోతే ఆ ఊరి పేరు అక్కడికి పోయింది. రాజాశ్రయపు కావ్యాలు సాధించలేని పనిని వీధిబడి పిల్లల కంఠపాఠం సాధించింది.

నిజాముల కాలానికి ఈ సీమ ఎలగందుల సర్కారులో భాగం. 18వ శతాబ్దంలో నిర్మల్ కేంద్రంగా ఈ ప్రాంతంపై అధికారం చలాయించిన జఫరుద్దౌలా ఇబ్రహీం ఖాన్ ధంసా జగిత్యాల కోట కట్టించాడని చెబుతారు. నక్షత్రాకారంలో, చుట్టూ లోతైన కందకంతో ఉన్న ఆ కోట యూరోపియన్ పద్ధతిది. దాన్ని కట్టిన జాక్, టాల్ అనే ఇద్దరు ఇంజనీర్ల పేర్ల కలయికే జగిత్యాల అన్న కథ గైడు పుస్తకాల్లో నేటికీ తిరుగుతోంది. పొలవాస వంశపు జగ్గదేవుని పేరు నుంచి వచ్చిందన్నది మరో కథ. స్థానిక పాలకుడి పేరు కంటే పరాయి ఇంజనీర్ల పేర్లే ఎక్కువమంది నోట నానడం, ఈ ప్రాంతపు చరిత్ర రచనకు పట్టిన అలవాటుకు చిన్న నమూనా. 1865లో సాలార్ జంగ్ జిల్లాల వ్యవస్థ తెచ్చిన తరువాత జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలు ఎలగందుల జిల్లాలో చేరాయి. 1905లో ఆ జిల్లాయే కరీంనగర్ అయింది. పాలనాభాష 1880ల దశకం దాకా పారసీకం, ఆ తరువాత ఉర్దూ.

ఈ పాలనకు కావలసిన కాగితం కోరుట్లలో తయారయ్యేది. 20వ శతాబ్ది తొలినాళ్లలో వెలువడిన ఇంపీరియల్ గెజిటీర్, జగిత్యాల తాలూకాలోని కోరుట్లను వర్తక కేంద్రంగా పేర్కొంటూ, అక్కడి ముతక కాగితాన్ని పట్వారీలు లెక్కల పుస్తకాలకు వాడేవారని చెప్పింది. కాగితం చేసేవారిని దక్కనులో కాగజీలు అనేవారు. పాత గోనెలు, తెగిన తాళ్లు, చింకిపాతలు ముక్కలు చేసి సున్నపు నీళ్లలో నానబెట్టి, కాలితో తొక్కే బరువైన రోకలి కింద దంచి, కడిగి, మళ్లీ దంచి గుజ్జు చేసేవారు. ఆ గుజ్జును నీటి తొట్టిలో కలిపి, సన్నని గడ్డి ఈనెలతో అల్లిన తెరను అందులో ముంచి ఎత్తితే నీరు జారిపోయి పలుచని పొర నిలిచేది. దాన్ని గోడకు అంటించి ఆరబెట్టి, గంజి పట్టించి, చివరకు నున్నని రాయితో గట్టిగా రుద్దేవారు. ఆ గంజీ, ఈ రుద్దుడూ లేకపోతే రెల్లు కలంతో రాసిన మసి సిరా అక్షరం చుట్టూ పాకిపోతుంది. ముతకదే అయినా గట్టి కాగితం కావడం పద్దుల పుస్తకానికి ముఖ్యం, ఎందుకంటే కావ్యాన్ని ఎప్పుడో తెరుస్తారు గాని లెక్కను ఏడాది పొడుగునా తిప్పుతూనే ఉంటారు. 1938లో గోదావరి అవతల కొత్తపేటలో సిర్పూర్ కాగితపు మిల్లు ఏర్పడి, ఆ ఊరు కాగజ్‌నగర్ అయింది. అడవి వెదురుతో యంత్రం చేసిన కాగితం ముందు చేతి కాగితం నిలవలేదు.

కోరుట్ల కాగితం మీద రాసిన ఆ పుస్తకమే, నిజానికి, ఈ సీమలో అత్యధికుల బతుకును శాసించిన పుస్తకం. పట్వారీ అంటే ఊరి భూమి లెక్కలు రాసేవాడు. పన్ను వసూలు చూసేవాడు మాలీ పటేల్, శాంతిభద్రతలవాడు పోలీసు పటేల్. ఏటేటా ఏ సర్వే నంబరులో ఏ పంట ఉంది, పట్టా ఎవరిది, సాగులో ఎవరున్నారు అన్నది చూసి రాసే దస్త్రం పహాణీ. ఊళ్లో చదవగలిగినవాడు ఒక్కడే అయినప్పుడు, ఆ చదువు కూడా రైతు ఇంట మాట్లాడని ఉర్దూలో ఉన్నప్పుడు, ఒక గడిలోని పేరు మార్చితే మూడు తరాలు దున్నిన చెలక దొర పేర మారిపోవడానికి గట్టు దగ్గర కొట్లాట కూడా అవసరం ఉండదు. వెట్టి గురించి, అంటే కూలి లేకుండా కులాల వారీగా చేయించుకున్న చాకిరీ గురించి, పుష్కలంగా రాశారు గాని ఆ వెట్టికి వెన్నెముక అయిన ఈ దస్త్రం గురించి రాసింది తక్కువ. పటేల్ పట్వారీ వ్యవస్థ 1984లో రద్దయినా, పాత పహాణీ నకలు కోసం తహసీల్దారు కార్యాలయం చుట్టూ తిరగడం రద్దు కాలేదు.

నైజాం రాష్ట్రంలో తెలుగు కవులు లేరన్న మాటకు జవాబుగా సురవరం ప్రతాపరెడ్డి 1934లో 354 మంది కవుల పద్యాలతో గోలకొండ కవుల సంచిక ప్రకటించడం అందరికీ తెలిసినదే. ఆ సంచిక కవులున్నారని రుజువు చేసింది. ఊళ్లోని జీవితాన్ని చెప్పడం ఆ పద్యాల పని కాదు. గోదావరి అవతలి ఒడ్డుకు ఆ లోటు మరోలా తీరింది. 1940లో గోండు తిరుగుబాటు నాయకుడు కొమురం భీం మరణం తరువాత నిజాం ప్రభుత్వం పిలవగా వచ్చిన మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ ఆదిలాబాదు రాజ్‌గోండుల మీద 1948లో బృహద్గ్రంథం ప్రచురించాడు. ఇవతలి ఒడ్డున ఉన్నది రైతులూ, సాలెలూ, జీతగాళ్లూ కావడం వల్ల వారి విశేషం ఏమిటో ఏ పరిశోధకుడికీ తోచలేదు.

అది తోచడానికి 1978 రావలసి వచ్చింది. రైతుకూలీ సంఘాల పిలుపు మీద ఆ ఏడు సెప్టెంబరులో వేలాది మంది జగిత్యాలలో చేసిన ప్రదర్శన జగిత్యాల జైత్రయాత్రగా పేరుపొందింది. వెట్టి రద్దు, జీతగాళ్ల జీతాల పెంపు, దొరల ఆక్రమణలోని బంజరు, శిఖం భూముల విడుదల వారి కోరికలు. శిఖం అంటే చెరువు నీరు తగ్గినప్పుడు సాగుకు తేలే నేల. అక్టోబరులో ప్రభుత్వం జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. ఆ వెంటనే, 1979లో, మంథని ప్రాంతపు గాజులపల్లిలో పుట్టిన అల్లం రాజయ్య నవల కొలిమంటుకున్నది వచ్చింది. కమ్మరి పొయ్యి రాజుకోవడాన్ని పేరుగా పెట్టుకున్న ఆ నవలలో, తరువాతి ఊరు నవలలో, ఈ జిల్లా రైతు తన మాటతీరులోనే, పాఠ్యపుస్తకపు తెలుగులోకి తర్జుమా కాకుండా, మాట్లాడాడు. రాజకీయాభిప్రాయం ఏదైనా, ఈ నవలల్లో పాలేరుకు ఎన్ని కుంచాల జొన్న ముట్టేది, బాయి మీద మోట ఎవరు తోలేవారు వంటి వివరాలు పహాణీలో దొరకనివి. అదే కాలపు ఊళ్లను వేరే చూపుతో పరిశీలించిన పౌరహక్కుల కార్యకర్త బాలగోపాల్ వ్యాసాలు 1988లో ఇంగ్లీషు పుస్తకంగా వెలువడ్డాయి. ఆ రెంటినీ పక్కపక్కన పెట్టుకొని చదివితేనే దొర గడీ ఎందుకు కూలిందో, కూలినవాడు పట్నంలో కాంట్రాక్టరుగా ఎలా లేచాడో తెలిసివస్తుంది.

సిరిసిల్ల మగ్గాల చరిత్ర ఇంకా ఇలాంటి నవల కోసం ఎదురుచూస్తూనే ఉంది. ముంబై, భివండి, షోలాపూర్ల దాకా పోయిన పద్మశాలీలకు తమదైన పురాణం మాత్రం పూర్వం నుంచీ ఉంది. కూనపులివారు అనే ఆశ్రిత కులంవారు నకాశీలనే చిత్రకారులు వేసిన పొడవాటి గుడ్డ పటాన్ని మూర చొప్పున విప్పుతూ మార్కండేయుని, భావనారుషి కథను రాత్రుళ్లు చెప్పేవారు. ఆ పటమూ పుస్తకమే. కథకుడి గొంతు ఆగిపోతే మాత్రం దాన్ని చదవడం ఎవరి తరమూ కాదు.

సిరిసిల్ల దగ్గరి హనుమాజీపేటలో 1931లో పుట్టిన సి. నారాయణరెడ్డి ఉర్దూ మాధ్యమంలో చదివి, 1988లో జ్ఞానపీఠం అందుకొనేంత తెలుగు కవి అయ్యారు; అదే సీమకు చెందిన నలిమెల భాస్కర్ తెలంగాణ పదకోశంలో, ఆ ఉర్దూ చదువుల కింద అణగిపోకుండా మిగిలిన ఇంటి మాటలను అక్షరక్రమంలో పేర్చారు. ఈ సీమకే చెందిన పెద్దింటి అశోక్‌కుమార్ 2006లో వెలువరించిన జిగిరి నవల ఎలుగుబంటిని ఆడించి బతికే ఇమాం కుటుంబం కథ. ఎలుగును వదిలించుకుంటే ప్రభుత్వం భూమి ఇస్తుందన్న ఆశ ఆ ఇంట్లో పడుతుంది. పిల్లనాటి నుంచి బిడ్డలా పెంచిన ఆ ఎలుగు షాదూల్ మీద ఇమాం ప్రాణం పెట్టుకుంటే, కొడుకు చాంద్ దాన్ని ఎలాగైనా దూరం చేసి, తమ వంశంలో ఎవరి పేరా ఎన్నడూ రాయని పట్టా కాగితం కోసం వెంపర్లాడతాడు.